తెలుగులో తిట్టిన వైరస్

ఆ రోజుల్లో చేతిలో ఒక సర్టిఫికెట్టు, జేబులో ఒక స్క్రూడ్రైవరు ఉంటే చాలు, మా ఆర్మూరులో మనిషి ఇంజనీరైపోయేవాడు. నా దగ్గర రెండూ ఉండేవి. నిజామాబాద్‌లో ఒక మేడమీది గదిలో కొన్ని నెలలపాటు హార్డ్‌వేరు, నెట్‌వర్కింగు నేర్చుకుని (నేర్చుకున్నానని నేనప్పట్లో మనస్ఫూర్తిగా నమ్మాను), మార్కెట్ రోడ్డులో ఒక కంప్యూటర్ దుకాణంలో పనికి కుదిరాను. మా గిరాకీ అంతా పసుపు కమీషన్ దుకాణాల వాళ్లే. సీజను మొదలైందంటే మార్కెట్ యార్డు నుంచి లేచే పసుపు పొడి ఊరంతా పరుచుకునేది. ఏ సేటు కంప్యూటర్ మూత తీసినా లోపల ఫ్యాను, తీగలు, మూలమూలలూ పెళ్లికూతురికి నలుగు పెట్టినట్టు పచ్చగా మెరిసేవి. బ్రష్షుతో దులిపి, ఒకసారి గట్టిగా ఊది, మూత బిగిస్తే చాలు, అది ఠక్కున నడిచేది. "పోరడు మస్తు ఉషారున్నడు" అనేవాళ్లు సేట్లు. సాయంత్రం పచ్చని చొక్కాతో ఇల్లు చేరితే మా అమ్మ మాత్రం గడపలోనే ఆపి, "నువ్వు కంప్యూటర్ పనికి వోతున్నవా, పసుపు దంచనీకి వోతున్నవా?" అని అడిగేది. దులిపితే నడిచే ఆ కంప్యూటర్లే నన్ను పాడుచేశాయి. లోకంలో నాకు అర్థం కాని యంత్రం ఇంకా పుట్టలేదన్న ఒక ప్రశాంతత నా ముఖం మీద ఎప్పుడూ ఉండేది. ఆనాటి ఫొటోల్లో అది ఇప్పటికీ కనిపిస్తుంది, చూసినప్పుడల్లా ఆల్బం మూసేస్తాను.

అంతకుముందు ఇంటర్ చదివే రోజుల్లో మేము ముగ్గురం ఒక జట్టు. నేను, పొడుగోడు, డ్యామ్. పొడుగోడి పేరుకు వివరణ అక్కర్లేదు. డ్యామ్ వాళ్ల నాన్న ఇరిగేషన్ డిపార్టుమెంటులో పనిచేసేవాడు, ఇల్లు గోదావరి మీది పోచంపాడ్ డ్యామ్ క్వార్టర్లలో. ఏ మాట మొదలుపెట్టినా వాడు దాన్ని గోదావరి దగ్గరికి తీసుకుపోయి, ఇవాళ ఎన్ని గేట్లు ఎత్తారో చెప్పి గానీ వదిలేవాడు కాదు, అందుకని ఆ పేరు. ముగ్గురం కాలేజీ అయ్యాక నెట్ సెంటర్లో పక్కపక్క కుర్చీల్లో కూర్చుని ఒక యుద్ధం ఆట ఆడేవాళ్లం. ఒక పాడుబడ్డ కోట, అందులో తుపాకులు పట్టుకుని మేము. పక్కవాడి తెరలోకి తొంగిచూసి వాడెక్కడ నక్కాడో కనిపెట్టి కాల్చడం డ్యామ్ అలవాటు. మోచేత్తో వాడి ముఖాన్ని అటు తోస్తూ ఆడడం నా అలవాటు. తరువాత చదువులైపోయాయి. పొడుగోడి నాన్నకు నిజామాబాద్ బదిలీ అయింది, వాళ్లు అక్కడికి వెళ్లిపోయారు. డ్యామ్ పోచంపాడ్‌లో ఉండి ఉద్యోగ పరీక్షలకు చదవసాగాడు. నెట్ సెంటర్ ఉన్నచోట ఫోన్ రీఛార్జి దుకాణం వచ్చింది. నేను ఆ దారిన పోయినప్పుడల్లా అక్కడ మూడు కుర్చీలు ఉన్నాయేమోనని ఒకసారి చూసేవాణ్ణి.

ఇంతలో ఇళ్లకు బ్రాడ్‌బ్యాండు వచ్చింది. ఫోను తీగకే మోడెం అని ఒక చిన్న డబ్బా తగిలిస్తారు. దాని మీద నాలుగు దీపాలు మినుకుమినుకుమంటాయి. ఒకవైపు ఇంటర్‌నెట్ నడుస్తుంటే ఇంకోవైపు ఫోన్లో మాట్లాడుకోవచ్చు. ఆ సంగతి తెలిసిన రోజే నేను ఇద్దరికీ ఫోను చేసి ప్రకటించేశాను. "ఇగ మనం ఎక్కడున్నా ఒక్క కాడ ఆడుకోవచ్చు రా. ఆట నా కంప్యూటర్ల తెరుస్త. మీరు నా అడ్రస్ కొట్టుండ్రి, లోపలికి రాండ్రి, గంతే. మిగతా ఫికర్ మీకొద్దు." వాళ్లకు ఫికర్ లేదు. నన్ను నమ్మారు. నిజామాబాద్ వెళ్లి పొడుగోడి ఇంట్లో మోడెం పెట్టి, హాల్లోంచి ముందు వాళ్ల నాన్న గదికి ఒక తీగ, తరువాత వాడి గదికి ఒక తీగ లాగింది కూడా నేనే.

వాళ్ల నాన్న గురించి ఇక్కడ చెప్పుకోవాలి. ఆయన హెడ్మాస్టరు. ఆర్మూరులో ఉన్నప్పుడు మా ముగ్గురికీ లెక్కలు చెప్పిన సారే. ఆయన వరండాలో నడుస్తుంటే చివరి గదిలో పిల్లలు కూడా పుస్తకం తెరిచేవాళ్లు. ఇంట్లో కూడా ఆయన బడిలో ఉన్నట్టే ఉండేవారు. నేను తీగలు లాగిన కొద్దిరోజులకే పొడుగోడి బల్ల మీద ఆ ఆట సీడీ ఆయన కంటపడింది. "గీ కాల్చుకునుడు, సంపుకునుడు మా ఇంట్ల నడువది" అని సీడీ తీసుకుపోయి తన గదిలో బీరువాలో పెట్టి తాళం వేశారు. సీడీ పోతే ఆట పోతుందని ఆయన అనుకున్నారు. ఆట అప్పటికే కంప్యూటర్లోకి ఎక్కించి ఉందని, సీడీతో ఇక పనిలేదని పొడుగోడు ఆయనకు చెప్పలేదు. అప్పటి నుంచి ఆయన ఆదివారం మధ్యాహ్నాలు తలుపు దగ్గరికి వేసుకుని గదిలో పని చేసుకునేటప్పుడు వాడు పక్కగదిలో చప్పుడు కాకుండా ఆడేవాడు.

మొదటి ఆదివారం నేను ఆట తెరిచి కూర్చున్నాను. నల్లటి కిటికీలాంటిది ఒకటి తెరిచి, అందులో నేర్చుకున్న మంత్రం కొడితే నా కంప్యూటర్ అడ్రసు కనిపించింది. 192.168.1.2. దాన్ని ఒక్కొక్క అంకె చొప్పున, పూజారి సంకల్పం చెప్పినట్టు, ఇద్దరికీ ఫోన్లో చదివి వినిపించాను. ఇద్దరూ కొట్టారు. ఎవరూ రాలేదు. నా సిపాయి పాడుబడ్డ కోటలో ఒంటరిగా నిలబడి ఉన్నాడు. "నువ్వు కనవడ్తలేవు రా" అన్నాడు డ్యామ్. "ఫైర్‌వాల్ ఆపు" అన్నాను నేను, క్షణం కూడా ఆలోచించకుండా. ఆపాడు. రాలేదు. "మోడెం బంద్ చేసి, నిమిషమాగి మల్ల పెట్టు." పెట్టాడు. రాలేదు. "మోడెం యాడ పెట్టినవ్?" "బల్ల మీద." "ఎత్తుల పెట్టు." (ఎందుకన్నానో ఇప్పటికీ నాకు తెలియదు. తీగలో వచ్చే ఇంటర్‌నెట్‌కు ఎత్తుతో పనేమిటి?) డ్యామ్ ఆ డబ్బాను బీరువా మీదికి ఎక్కించాడు. తీగ చాలక బీరువానే జరిపాడు. బీరువా కింద ఎప్పుడో పోయిన వాళ్లమ్మ ముక్కుపుడక దొరికింది. ఆ ఆదివారం నా నెట్‌వర్కింగు విద్య వల్ల ఎవరికైనా జరిగిన మేలు అదొక్కటే. ఆమె ఫోను తీసుకుని, "నీ కడుపు సల్లగుండ, మంచి పని చేపిచ్చినవ్ బిడ్డా" అంది. నేను "గదేముంది అమ్మా" అన్నాను కూడా.

అలా చాలా ఆదివారాలు గడిచాయి. నేను ఫోను భుజానికీ చెవికీ మధ్య ఇరికించుకుని, మెడ వంకర పోయి, వాళ్లకు వైద్యం చెప్పేవాణ్ణి. ఆటను తీసేసి మళ్లీ ఎక్కించమన్నాను. గడియారం సరిచేయమన్నాను. కంప్యూటర్ మొత్తం తుడిచి మొదటి నుంచి మొదలుపెట్టమన్నాను. పాపం డ్యామ్ అదీ చేశాడు, వాడి పరీక్షల నోట్సు అందులో పోయాయి. "సమస్య నీ దిక్కే ఉంది రా, నా దిక్కు అంత కరెక్టుంది" అనేవాణ్ణి ప్రతిసారీ. ఇద్దరికీ ఒకే తిప్పలు ఉందంటే, అది ఆ ఇద్దరిలో లేదేమో, మూడోవాడిలో ఉందేమో అన్న అనుమానం మూడోవాడికి ఒక్కసారీ రాలేదు.

ఒక ఆదివారం ఆర్మూరులో మధ్యాహ్నం నుంచీ కరెంటు లేదు. నేను కంప్యూటర్ ముట్టనేలేదు. మర్నాడు దుకాణంలో ఉండగా పొడుగోడు ఫోను చేశాడు, గొంతులో పండుగ. "అరే, పడ్డది రా! నీ సెట్టింగు పడ్డది! నిన్న లోపలికొచ్చిన. మస్తు కొట్టిన గద బిడ్డా నిన్ను! గోడ మూలకు నక్కుతవ్, బైటికొస్తవ్, మల్ల నక్కుతవ్. అస్సలు ఆట మర్సిపోయినవ్ రా నువ్వు." నేను ఆడలేదని చెప్పబోయాను. "నేను" అన్నాను కూడా. వాడు వినలేదు. "ఏదన్న గని, నీయంత మొనగాడు లేడు రా. గిన్ని వారాలు ఇడువకుంట పట్టి, ఆఖరికి చేసినవ్" అన్నాడు. కౌంటర్ దగ్గర మా ఓనర్ వింటున్నాడు. ఎదురుగా ఒక సేటు తన కంప్యూటర్‌తో కూర్చుని ఉన్నాడు. ఆ పొగడ్త ఎక్కడి నుంచి వచ్చిందో, ఎందుకు వచ్చిందో తెలియకపోయినా, వచ్చింది కదా అనిపించింది. "ఆ, జర కష్టమే అయింది" అన్నాను. కరెంటు లేని కంప్యూటర్‌లో నన్ను వాడెలా కాల్చాడు అన్నది రాత్రి ఆలోచిద్దామనుకుని మరిచిపోయాను.

ఆ ఒక్క మాట ఎంత దూరం పోయిందంటే, ఆ సాయంత్రానికే పోచంపాడ్ చేరింది. పొడుగోడు డ్యామ్‌కు ఫోను చేసి ఆట గురించి కథలు కథలుగా చెప్పాడట. రాత్రి డ్యామ్ నాకు ఫోను చేశాడు. గేట్ల ఊసు లేదు. "నిన్న మీరిద్దరు ఆడుకున్నరట గద" అన్నాడు. "నేను గీడ కంప్యూటర్ తుడుసుడు, మోడెం పట్కొని ఇల్లంత తిరుగుడు. నోట్సు పోయినయ్. మీరేమో ఇద్దరు కల్సి ఆడుకుంటున్నరు. నన్ను ఇడిసిపెట్టాలనుంటే ముందే చెప్పొద్దా రా? వద్దంటె నేనెందుకు వస్త?" అన్నాడు. "అట్ల కాదు రా" అంటుండగానే ఫోను పెట్టేశాడు. తరువాత ఎన్నిసార్లు చేసినా వాళ్లమ్మే ఎత్తింది. "పండుకున్నడు బిడ్డా" అనేది. మధ్యాహ్నం చేసినా, పొద్దున చేసినా పడుకునే ఉన్నాడు. చిన్నప్పటి నుంచీ నాతో ఒక్క పూట కూడా మాట్లాడకుండా ఉండలేని మనిషి వాడు. నేను కంప్యూటర్ల మీద పసుపు దులుపుతూ, నా ముఖం మీది ప్రశాంతత కొంచెం కొంచెం రాలిపోవడం ఆ వారమే మొదటిసారి గమనించాను.

తరువాతి ఆదివారం కరెంటు ఉంది. ఏదేమైనా ఇవాళ ఈ సంగతి తేల్చుకోవాలని ఆట తెరిచి, తుపాకీ పట్టుకుని, కోట మెట్ల మీద నిలబడ్డాను. ఫోను మోగింది. పొడుగోడు. పక్కగదిలో తండ్రి పని చేసుకుంటున్నారు కాబట్టి గుసగుసగా మాట్లాడుతున్నాడు. ఒక చెవికి ఆట చప్పుళ్లు వినిపించే హెడ్‌ఫోను, ఇంకో చెవికి ఫోను. "వచ్చిన. కనవడ్తున్ననా?" నేను అటూ ఇటూ చూశాను. పురుగు కూడా లేదు. "లేవు రా." "అబద్ధం చెప్పకు. గోడ పక్కన నక్కినవ్. నీ టోపీ కనవడ్తుంది." "నేను మెట్ల మీదున్న రా." "ఇగో, కాలుస్తున్న సూడు." నేను కళ్లు మూసుకున్నాను. "సచ్చినవ్!" అన్నాడు వాడు. కళ్లు తెరిచాను. నా సిపాయి నిక్షేపంగా ఉన్నాడు. "బతికే ఉన్న రా" అన్నాను, ఎందుకో నాకే కొంచెం భయమేసి.

అప్పుడు వినిపించింది. ఫోన్లో, వాడి గుసగుస వెనకాల, గోడ అవతలి నుంచి వచ్చినట్టు, ఒక పెద్ద గొంతు. "అబ్బా!" అంది. "ఏంది రా ఆ మూలుగు?" అన్నాను. "ఏం మూలుగు? నాకేం ఇనవస్తలేదు. ఆగు, మల్ల లేసినవ్. ఇగో, మల్ల కాల్చిన." ఆ మాట పూర్తయీ కాకుండానే ఫోన్లో మళ్లీ అదే గొంతు. "థూ! మల్లచ్చిండు, దొంగ సచ్చినోడు!" ఆ గొంతు నేనెరుగుదును. ఆ గొంతు నన్ను ఎన్నోసార్లు బెంచీ ఎక్కించింది. నా వెన్ను దానంతటదే నిటారైంది. "అరేయ్" అన్నాను మెల్లగా, "హెడ్‌ఫోన్ తియ్యి. ఇంకొక్కసారి కాల్చు. కాల్చి, ఇను." వాడు తీశాడు. కాల్చాడు. ఈసారి ఫోను అవసరం లేకుండానే ఆర్మూరు దాకా వినిపించేంత గట్టిగా వచ్చింది. "ఎవడు రా వీడు!" పొడుగోడు ఏడుపు గొంతుతో అన్నాడు. "బాపు రా."

ఆ క్షణంలో నాకు జ్ఞానోదయమైంది. పాఠం చెప్పిన మనిషి ఆ మేడమీది గదిలో ఎప్పుడో చెప్పే ఉంటాడు, నేను కిటికీలోంచి చూస్తూ ఉండి ఉంటాను. నేను ఇన్ని వారాలుగా చదివి వినిపించిన ఆ అంకెలు మా ఇంటి అడ్రసు కాదు. ప్రతి ఇంట్లో మోడెం తన దగ్గరికి వచ్చిన మొదటి కంప్యూటర్‌కు ఇంట్లో పిలుచుకోవడానికి పెట్టుకునే పేరు అది. మీ ఇల్లెక్కడ అని ఎవరైనా అడిగితే ఊరు, వాడ చెప్పకుండా "నడిమర్రల ఉంటా" అని చెప్పినట్టన్నమాట. విన్నవాడు తన ఇంటి నడిమర్రలోకి, అంటే మధ్యగదిలోకి, వెళ్లి చూస్తాడు. డ్యామ్ ఇంట్లో ఉన్నది ఒకటే కంప్యూటర్, కాబట్టి పాపం వాడు ఇన్నాళ్లూ తన తలుపు తనే తట్టుకున్నాడు. పొడుగోడి ఇంట్లో రెండున్నాయి. అందులో మొదటిది, నేనే స్వయంగా తీగ లాగి మోడెంకు తగిలించినది, హెడ్మాస్టరు గారిది. ఆయన బీరువాలో పెట్టిన సీడీలో అంత చెడు ఏముందో చూద్దామని ఒకసారి ఎక్కించి చూసినట్టున్నారు. ఒక్కరే ఆడుకునే బటన్ కాకుండా పక్కదేదో నొక్కి, ఆట తలుపు బయటివాళ్లకు బార్లా తెరిచిపెట్టుకుని ఆడుతున్నట్టున్నారు. "ఆటల ఏమన్న రాసినవా ఆయనకు?" అని అడిగాను. కాల్చుకుంటూ ఒకరికొకరు మాటలు రాసుకునే వీలు ఆ ఆటలో ఉంది. "రాసిన" అన్నాడు పొడుగోడు. "ఏం రాసినవ్?" వాడు చెప్పాడు. ఇక్కడ రాయడానికి వీలైనవి, 'ముసలి నక్కా', 'చేతులు పడిపోయినయా' అన్నవి మాత్రమే.

నేను కంప్యూటర్ కూడా ఆపకుండా పోచంపాడ్ బస్సెక్కాను. డ్యామ్ నిజంగానే పడుకుని ఉన్నాడు, గోడవైపు తిరిగి. "ఎందుకొచ్చినవ్?" అన్నాడు తిరగకుండా. నేను మంచం పక్కన కూర్చుని జరిగిందంతా గోడకు చెప్పినట్టు చెప్పాను. కరెంటు లేని సంగతి, పొగడ్త మింగిన సంగతి, నడిమర్ర సంగతి, అన్నీ. వాడి వీపు కదల్లేదు. "వాడు కాల్చింది నన్ను కాదు రా. సార్‌ను. రెండు ఆదివారాల సంది సార్‌ను కాలుస్తున్నడు. తిట్టుకుంట కాలుస్తున్నడు" అన్నాను. వీపు కొంచెం వణికింది. ఏడుస్తున్నాడేమోనని వంగి చూశాను. దుప్పటి నోట్లో కుక్కుకున్నాడు. ఆపుకోలేక లేచి కూర్చుని, "సార్‌నా! లెక్కల సార్‌నా!" అంటూ మంచం మీది నుంచి కిందపడి, కిందపడ్డాక కూడా నవ్వాడు. ఏమైందో తెలియక వాళ్లమ్మ పరుగెత్తుకొచ్చింది. వాడు నవ్వడం చూసి, వారంరోజుల తరువాత నవ్విన కొడుకును ఎందుకు అని అడగకుండానే, చేపల పులుసు వేడిచేయడానికి లోపలికి వెళ్లిపోయింది. తినేటప్పుడు డ్యామ్ ఒక్కటే అన్నాడు. "నా నోట్సు మాత్రం నువ్వే రాసియ్యాలె." రాసిచ్చాను కూడా, వేళ్లు వాచేదాకా.

కథ అక్కడ ముగిసేది, హెడ్మాస్టరు గారు మా దుకాణానికి ఫోను చేయకపోతే. "నువ్వేనా, మా ఇంట్ల తీగలు పెట్టింది? మా కంప్యూటర్లకు ఎవడో దూరుతున్నడు. దూరి తిట్టిపోతున్నడు. వచ్చి వాన్ని పట్టుకోవాలె నువ్వు" అన్నారు. మా ఓనర్‌కు ఈ మాట చెప్పగానే, "హెడ్మాస్టర్ సార్ పనంటే మన దుకాణం ఇజ్జత్. పో, చేసుకొనిరా. చేతకాకుంటే చెప్పు, వేరేటోన్ని పంపుత" అన్నాడు. చేతనయినా ఇజ్జత్ పోతుంది, చేతకాకపోయినా పోతుంది. తోడుకు డ్యామ్‌ను అసిస్టెంటుగా తీసుకుపోయాను. (ఇంత పెద్ద తప్పు నేను ఆ తరువాత ఉద్యోగంలో కూడా చేయలేదు. వాడికి నవ్వు ఆగదు.)

సార్ గదిలో కుర్చీలో కూర్చుని ఉన్నారు. పొడుగోడు తలుపు పక్కన, గోడలో కలిసిపోవడానికి ప్రయత్నిస్తూ నిలబడి ఉన్నాడు. "చెప్పుండ్రి సార్, ఏమైతుంది?" అన్నాను వైద్యుడి గొంతుతో. "నేను... పనిచేసుకుంటున్న" అన్నారు సార్. "ఏం పని సార్?" అని డ్యామ్ అడిగాడు. నేను వాడి కాలు తొక్కాను. "పరీక్షల పని. అండ్ల మధ్యల ఎవడో వచ్చి ముసలి నక్కా అన్నడు. చేతులు పడిపోయినయా అన్నడు." ఆయన ఒక్కొక్క తిట్టూ హాజరు పిలిచినంత స్పష్టంగా, వరస తప్పకుండా అప్పజెప్పారు. డ్యామ్ మోడెం దీపాలు చూసొస్తానని హాల్లోకి పరుగెత్తాడు. హాల్లోంచి కుక్కర్ కూత లాంటి చప్పుడొకటి వచ్చింది.

నేను కంప్యూటర్ ముందు కూర్చుని, ఊరికే నల్ల కిటికీ తెరిచి, ఏవో కొట్టి, తల ఊపి, "సార్, వైరస్" అన్నాను. నా వృత్తిలో ఏమీ తోచనప్పుడు అనే మాట అదొక్కటే.

సార్ కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. "వైరస్ తెలుగుల తిడ్తదా?"

"కొత్త రకం వచ్చింది సార్."

"ఆఖరుకు ఒకటి తిట్టింది. 'సున్నప్పిడత మొకపోడా' అన్నది. గా తిట్టు మా తాతది. మా ఇంట్ల తప్ప భూమి మీద ఎవనికి తెల్వది. వైరస్‌కు ఎట్ల తెల్సింది?" అని ఆయన నన్ను అడిగారు, చూపు మాత్రం తలుపు పక్కకు పోయింది. పొడుగోడు అంత పొడుగూ ముడుచుకుపోయి సగమయ్యాడు. హాల్లో కుక్కర్ చప్పుడు ఆగిపోయింది. నేను కీబోర్డు మీద చేతులు అలాగే పెట్టి, దేవుణ్ణి తలుచుకున్నాను. ఉద్యోగం, దుకాణం, పొడుగోడి వీపు, మూడూ నా కళ్లముందు తిరిగాయి.

సార్ కళ్లద్దాలు పెట్టుకున్నారు. గొంతు సవరించుకున్నారు. ఆ చెంపల్లో ఏదో కదిలింది. ఆయన నవ్వుతారని అంతవరకూ మాకెవరికీ తెలియదు కాబట్టి అదేమిటో వెంటనే గుర్తుపట్టలేకపోయాం. "ఆ వైరస్‌కు చెప్పు" అన్నారు. "వచ్చే ఆదివారం మూడింటికి రమ్మను. ఇన్ని రోజులు నాకు తుపాకిల తూటాలు నింపుడు రాలే, అందుకే నక్కిన. నిన్న నేర్చుకున్న."

ఆ ఆదివారానికి నేను రెండు రోజులు కూర్చుని నిజంగా చదివాను. బయటివాళ్లకు కనిపించే అసలు అడ్రసు వేరే ఉంటుందని, మోడెం ఆపి పెట్టినప్పుడల్లా అది మారుతుందని, వచ్చినవాళ్లను లోపలికి రానివ్వమని మోడెంకు విడిగా చెప్పాలని తెలుసుకున్నాను. (వారాల తరబడి 'మోడెం బంద్ చేసి మల్ల పెట్టు' అని నేను ఇచ్చిన సలహా గుర్తొచ్చి కాసేపు తల పట్టుకున్నాను.) మూడింటికి ఆట తెరిచి, కొత్త అంకెలు ఫోన్లో చదివి, మెట్ల మీద నిలబడ్డాను. తెర మీద ఒక వాక్యం వచ్చింది, డ్యామ్ వచ్చాడని. వాడి సిపాయి గేటులోంచి నడుచుకుంటూ వచ్చి నా ముందు నిలబడ్డాడు. నేను కుర్చీలోంచి లేచాను. అంత దూరం నుంచి, అన్ని ఆదివారాల తరువాత, వాడే. 'కనవడ్తున్ననా' అని రాశాడు. 'కనవడ్తున్నవ్ రా' అని రాశాను. పొడుగోడు వచ్చాడు. ముగ్గురం తుపాకులు దించుకుని కోటలో నిలబడి, తిన్నావా అంటే తిన్నావా అని రాసుకున్నాం. ఇంతలో గోడ వెనక నుంచి నాలుగో సిపాయి బయటికొచ్చాడు. నెత్తి మీద పేరు పెద్ద అక్షరాల్లో ఉంది. హెడ్మాస్టర్.

మేము ముగ్గురం వరసగా నిలబడిపోయాం. డ్యామ్ 'గుడాఫ్టర్నూన్ సార్' అని రాశాడు. సార్ వాణ్ణి కాల్చారు. నేను 'నమస్తే సార్' అని రాశాను. నన్నూ కాల్చారు. మళ్లీ లేచి మళ్లీ నిలబడ్డాం, మళ్లీ కాల్చారు. ఫోను మోగింది. "ఏంది రా, ప్రార్థనకు నిలవడ్డట్టు నిలవడ్తరు? కాల్చుండ్రి!" "మీరు సార్ గద సార్." "గీడ సార్ లేడు, గీర్ లేడు. కాల్చకుంటె రేపు మీ నాయనలతోని మాట్లాడ్త." అప్పుడు కాల్చాం. మొదట కాళ్ల దగ్గర, మర్యాదగా. తరువాత మర్యాద మరిచిపోయాం. ఆర్మూరులో కరెంటు పోయేదాకా ఆడాం.

ఆ తరువాత కొన్ని నెలల ఆదివారాలు అలాగే నడిచాయి. డ్యామ్‌కు ఉద్యోగం వచ్చింది. పొడుగోడు వేరే ఊరెళ్లాడు. సార్ కొన్నాళ్లు ఒక్కరే ఆడి, ఎదుటివాళ్లు తెలుగులో తిట్టకపోతే మజా లేదని మానేశారట. నేను ఇప్పుడు హైదరాబాద్‌లో ఒక ఆఫీసు నెట్‌వర్కు చూసుకుంటాను. తెలియనిది తెలియదని చెప్పడం వచ్చింది, పని కూడా కొంచెం వచ్చింది. అప్పుడప్పుడు ఆ మెడవంకర కుర్రవాడు గుర్తొస్తాడు. వాడికి ఏమీ తెలియదు, తెలియదన్న సంగతి అసలే తెలియదు. నవ్వొస్తుంది. కానీ ఎవరూ రాని కోటలో తుపాకీ పట్టుకుని, ఇప్పుడొస్తారు, ఇంకాసేపట్లో వస్తారని ఆదివారం వెనక ఆదివారం మెట్ల మీద నిలబడ్డది వాడే. నేనైతే ఈరోజుల్లో ఐదు నిమిషాలు చూసి, ఆపేసి, లేచి వెళ్లిపోతాను.